డీకన్ ఒంటి వాసన

స్కంక్‌ను, అదే భయపడితే తోక కిందనుంచి కంపు నీళ్ళు చిమ్మే పిల్లి అంత జంతువును, ఇంట్లో పెంచేవాళ్ళకు ఒక అవమానం అలవాటైపోతుంది. ఎవరు గడప తొక్కినా ముందు ముక్కు మూసుకుంటారు, ఆ తర్వాతే బాగున్నావా అని అడుగుతారు. మా ఇంటికి వచ్చినవాళ్ళలో ముక్కు మూసుకోనిది పాస్టరు గారొక్కరే. ఆయన కూడా కాఫీ చల్లారకముందే ఏదో పని గుర్తొచ్చి లేచేవారు.

నిజానికి మా డీకన్ అనే స్కంక్ దగ్గర చిమ్మడానికి ఏమీ లేదు. బొచ్చు కోసం స్కంక్‌లను పెంచే ఒక ముసలాయన దగ్గర కొన్నాను వాణ్ణి. పుట్టిన నాలుగో వారంలోనే, నా మాట మీద, తోక కింద ఉండే రెండు కంపు తిత్తులూ కోసి తీసేసి, అప్పుడు నా చేతికిచ్చాడు. అరచేతిలో పట్టేంత పిల్ల. బొగ్గులాంటి ఒళ్ళు, మెడ చుట్టూ తెల్లటి పట్టీ, అక్కడినుంచి వీపు మీదుగా తోక దాకా రెండు తెల్ల చారలు. మా చర్చిలో డీకన్‌గా ఉండే పెద్దాయన నల్లకోటు మీద తెల్ల మఫ్లరు చుట్టుకుని అచ్చం ఇలాగే తల వంచుకుని నడిచేవాడు. ఆ పేరే పెట్టేశాను. ఆ పెద్దాయన ఏడాది పాటు నాతో మాట్లాడలేదు.

తిత్తులు తీసేస్తే పని అయిపోయిందనుకునేవాళ్ళు చాలామంది. అవ్వదు. ప్రతి జంతువుకూ ఒంటి వాసన ఉంటుంది, దాన్ని రోజూ చూసుకోవాలి. దొడ్డికెళ్ళడానికి వాడు ఏ మూల ఎంచుకున్నాడో ఆ మూలనే రంపపు పొట్టు పోసిన పళ్ళెం పెట్టి పొద్దున్నే మార్చాలి. పక్కగుడ్డలు సోడా వేసి మరగబెట్టాలి. నేల వెనిగర్ కలిపిన నీళ్ళతో తుడవాలి. చేప ముక్క పెట్టామా, మూడు రోజులు ఇల్లంతా చేపల కొట్టే. అందుకని ఉడికించిన గుడ్డు, గుమ్మడికాయ, యాపిలు, కాస్త కోడిమాంసం పెట్టేదాన్ని. స్నానం రెండు నెలలకు ఒక్కసారే, ఓట్స్ నానబెట్టిన నీళ్ళతో. వాసన పోవాలని వారం వారం కడిగితే చర్మం ఎండిపోయి, నూనె ఎక్కువ ఊరి, మరింత కంపు కొడుతుంది. కొత్తగా పెంచేవాళ్ళందరూ ఈ తప్పు చేస్తారు, నేనూ చేశాను. వెనిగర్‌కూ సోడాకూ నా చేతులు ఏడాది పొడుగునా పగిలే ఉండేవి. ఇంత చేసినా ఏదో కాస్త మిగులుతుంది. అది మిగిలిందో లేదో పెంచేవాళ్ళకు తెలియదు. ఆరు నెలలు తిరిగేసరికి ముక్కు ఆ వాసనను లెక్కలోంచి తీసేస్తుంది. ఎదుటివాళ్ళు చెబితేనే మనకు తెలియాలి. ఎదుటివాళ్ళేమో ఎప్పుడూ ఒకటే మాట చెబుతారు. అందుకని మనం వినడం మానేస్తాం.

మా పక్క పొలం ఐడెల్లా ప్రతి మంగళవారం గుడ్ల కోసం వచ్చేది. నాకంటే రెండేళ్ళు చిన్న, నోరు మాత్రం నాకంటే పెద్దది.

"ఒసేయ్ ఆర్డిత్, బతికే ఉన్నావా, వాసనకి పోయావా?" అని గుమ్మంలోంచే అడిగేది.

"నువ్వొచ్చేదాకా బాగానే ఉందే ఇల్లు. నీ సెంటు కంపుకి మా డీకన్‌గాడు మంచం కింద దూరాడు చూడు."

"చర్చిలో మీ ఆయన కోటు నా కోటు పక్కన తగిలించొద్దని చెప్పు. మొన్న ఆదివారం ఇంటికెళ్తే మా పిల్లి నన్ను చూసి చెట్టెక్కింది."

ఇలా నాలుగేళ్ళు. పంతొమ్మిది వందల డెబ్బై ఐదు జనవరి చివర్లో మంచు ముందే కరిగి, నాలుగు రోజులు ఎండ కాసింది. ఆ వారం ఐడెల్లా గుమ్మం దాకా కూడా రాలేదు. గేటు దగ్గరే ఆగిపోయి, జేబురుమాలు మూతికి అడ్డం పెట్టుకుని, "గుడ్లు ఇక్కడికే తెచ్చివ్వు తల్లీ. ఇవాళ నావల్ల కాదు. కళ్ళు మండిపోతున్నాయి" అంది. నాకు ఆ వారం జలుబు చేసి తల దిమ్ముగా ఉంది. "నాటకాలు చాలించు" అని బుట్ట తీసుకెళ్ళి ఇచ్చాను. ఆవిడ బుట్ట చేయి చాచి అందుకున్న తీరు చూసి, ఇంట్లోకి వచ్చి మా ఆయన హార్లన్‌కు అభినయించి చూపించి నవ్వాను కూడా.

మార్చి రెండో వారంలో మా అమ్మాయి లోర్నా పిల్లను మా దగ్గర వదిలింది. లోర్నా గాజు ఫ్యాక్టరీలో పనిచేసేది, అల్లుడు లారీ మీద రాష్ట్రాలు తిరిగేవాడు. షిఫ్టు మారిన వారాల్లో గురువారం నుంచి ఆదివారం దాకా డార్సీ మా ఇంట్లోనే ఉండేది. అప్పటికి దానికి ఆరేళ్ళు. డీకన్‌ను మెడకు చుట్టుకుని తిరిగేది, బొమ్మల టోపీ పెట్టేది. వాడు దాన్ని ఏనాడూ ఏమీ అనలేదు.

శుక్రవారం మధ్యాహ్నం అది వంటింట్లో నేల మీద కూర్చుని యాపిలు ముక్కలు పెడుతోంది. మూడో ముక్క దగ్గర వాడు ముక్కను పట్టుకోలేదు, చేతిని పట్టుకున్నాడు.

పిల్ల అరవలేదు. అరిచి ఉంటే నాకు ఇంత గుర్తుండేది కాదేమో. నోరు తెరిచి నా వైపు చూసింది, అంతే. బొటనవేలికీ చూపుడువేలికీ మధ్యనుండే మెత్తటి చోట వాడి పళ్ళు దిగి, వదలడం లేదు. పిలిచాను, వాడు వినలేదు. మెడ పట్టి లాగబోతే పిల్ల చర్మం కూడా లేస్తోంది. హార్లన్ వచ్చి చెంచా కాడ దవడల మధ్య దూర్చి తిప్పితే అప్పుడు వదిలాడు. వదిలాక కూడా పారిపోలేదు. అక్కడే నిలబడి చెంచాను కొరికాడు.

సబ్బు పెట్టి పావుగంట కడిగాను. పైన రెండు గాట్లు, కింద రెండు.

"డాక్టర్‌కి ఫోన్ చెయ్యాలి" అన్నాడు హార్లన్.

"చేస్తే ఏమవుతుందో తెలుసుగా."

"తెలుసు."

ఇద్దరికీ తెలుసు. డీకన్‌కు లైసెన్సు తీసుకున్న రోజే పశువుల డాక్టరు రూక్ గారు మా వంటింట్లో కూర్చుని చెప్పారు. "ఆర్డిత్ గారూ, కుక్క కరిస్తే పది రోజులు కట్టేసి చూస్తాం. స్కంక్‌కి ఆ సదుపాయం లేదు. దానికి పిచ్చి రోగానికి, అదే రేబిస్‌కి, టీకా లేదు, ఇన్నాళ్ళు చూస్తే చాలనే గడువూ లేదు. మనిషిని కరిచిందా, తల కోసి పరీక్షకి పంపాల్సిందే. నేను జాలిపడినా లాభం లేదు." నేను ఆరోజు నవ్వి, మావాడు కరవడండీ అన్నాను.

"సీసాతో పాలు పట్టి పెంచాను వాణ్ణి" అన్నాను హార్లన్‌తో. "ఈ నాలుగేళ్ళలో వాడు మన కంచె దాటాడా? అడవి జంతువు మొహం చూశాడా? ఎక్కణ్ణుంచి వస్తుంది వాడికి ఆ జబ్బు, గుమ్మడికాయలోంచా? ఇది వాళ్ళకి కోపాల నెల. పోయినేడు ఇదే నెలలో నా మడమ పట్టలేదూ?"

అది నిజమే. చలికాలం చివర మగ స్కంక్‌లకు జత కోసం పిచ్చెక్కుతుంది. తిండి మానేస్తాయి, చీపురును చూసినా మీద పడతాయి. నెల దాటితే మామూలైపోతాయి. స్కంక్‌ను పెంచిన ఎవరిని అడిగినా ఇదే చెబుతారు.

హార్లన్ చెంచా కడిగి, తుడిచి, మళ్ళీ కడిగాడు. "నీ మనవరాలు, నీ స్కంక్. ఏది ముందో నువ్వే చూసుకో" అని పశువుల కొట్టంలోకి వెళ్ళిపోయాడు. నలభై ఏళ్ళ కాపురంలో ఆయన నన్ను చాలాసార్లు అడ్డుకున్నాడు. ఆ రోజు అడ్డుకోలేదు.

నేను పిల్లను ఒళ్ళో కూర్చోబెట్టుకుని చేతికి గుడ్డ చుట్టాను. "అమ్మ అడిగితే కోడిపుంజు పొడిచిందని చెప్పు, సరేనా" అన్నాను.

"అబద్ధం కదా అమ్మమ్మా?"

"నిజం చెబితే డీకన్‌ని తీసుకెళ్ళిపోతారు మరి."

"ఎక్కడికి?"

"చాలా దూరం."

కాసేపు ఆలోచించి, "అయితే పుంజే పొడిచింది" అంది.

ఆదివారం లోర్నా వచ్చి, గుడ్డ విప్పి చూసింది. "మీ పుంజుకి పళ్ళొచ్చాయా ఏంటమ్మా?" అంది నవ్వుతూ.

"కాలి గోళ్ళతో కూడా గీరింది."

"కోసి కూరొండెయ్. పిల్ల చెయ్యి చూడు ఎలా వాచిందో." అంతకు మించి అడగలేదు. దానితో నేను ఏనాడూ అబద్ధమాడలేదు, అందుకే నమ్మింది. కారు కదిలాక వెనక అద్దంలోంచి డార్సీ నన్ను చూస్తూనే ఉంది. ఎప్పుడూ మలుపు దాకా చెయ్యి ఊపే పిల్ల, ఆరోజు ఊపలేదు.

కారు వెళ్ళాక నాకు భయం మొదలైంది. అంతదాకా పని ఉంది, కట్టు కట్టడం, మాట నేర్పడం. ఇప్పుడు డీకన్‌ను చూడడం తప్ప పని లేదు. బట్టలుతికే గదిలో తీగ తలుపున్న పెట్టెలో పెట్టాను వాణ్ణి. గుడ్డు పెడితే తినలేదు. ఈ నెలలో తినరు అనుకున్నాను. తీగను పట్టుకుని కొరుకుతున్నాడు. ఈ నెలలో కొరుకుతారు. నేను పిలిస్తే తల ఇటు తిప్పాడు గానీ, నన్ను కాకుండా నా వెనక గోడను చూసినట్టు చూశాడు. అది మాత్రం ఈ నెల లెక్కలోకి రాలేదు. వాడు చేసే ప్రతిదానికీ రెండు అర్థాలున్నాయి. నేను ఒకదాన్ని పట్టుకుని వేలాడుతున్నాను.

నా తొమ్మిదో ఏట మా నాన్న దగ్గర కోతలకు వచ్చే లీవై అనే అతన్ని ఎవరిదో కుక్క కరిచింది. పిక్క మీద చిన్న గీత. ఆరు వారాలు ఏమీ లేదు. గడ్డివాము మీద నిలబడి పాటలు పాడుతూనే పనిచేశాడు. ఏడో వారం పంపు దగ్గర నీళ్ళ ముంత నోటిదాకా తెచ్చుకుని, పామును పట్టుకున్నట్టు విసిరికొట్టాడు. తర్వాత నాలుగు రోజులు అతన్ని మొక్కజొన్న కొట్టులో పెట్టి గడియ వేశారు. మమ్మల్ని మా అత్తయ్య ఇంటికి పంపించారు. కానీ ఆ ఇల్లు అరుపులు వినపడనంత దూరంలో లేదు. దాహం అని అరిచేవాడు. నీళ్ళు తెస్తే ఇంకా గట్టిగా అరిచేవాడు. ఐదో రోజు అరుపు వినపడకపోతే మా అత్తయ్య దేవుడికి దండం పెట్టుకుంది.

సోమవారం గిన్నెలు తోముతుంటే అతని పాటలు గుర్తొచ్చాయి. అరుపులు కాదు, ఆ ఆరు వారాల పాటలు. లోపల అది పెరుగుతుంటే మనిషి పాడుకుంటూ తిరిగాడు.

ఆ మధ్యాహ్నమే లోర్నా ఫోన్ చేసింది.

"డార్సీకి ఒళ్ళు కాస్త వెచ్చగా ఉందమ్మా. చెయ్యి చిమచిమలాడుతోంది, చీమలు పాకుతున్నాయి అంటోంది."

"పుండు మానేటప్పుడు అంతేనే."

"అంతేనా?"

"అంతే. చీము పట్టకుండా ఉప్పునీళ్ళతో కడుగు. అన్నం తింటోందా? నీళ్ళు... నీళ్ళు తాగుతోందా?"

"తాగుతోంది. ఎందుకలా అడుగుతున్నావ్?"

"జ్వరమొస్తే తాగాలి కదా" అని ఫోన్ పెట్టేశాను. పెట్టాక కూడా చెయ్యి దాని మీదే ఉంచుకుని నిలబడ్డాను. మళ్ళీ తీసి చెప్పెయ్యొచ్చు. ఒక్క మాట. బట్టల గదిలోంచి తీగ కొరుకుతున్న చప్పుడు వినిపిస్తోంది. పాలసీసా పట్టినప్పుడు నా వేలు చుట్టూ వాడి కాళ్ళు చుట్టుకునేవి. చెయ్యి తీసేశాను.

మంగళవారం పొద్దున ఐడెల్లా వచ్చింది. గుమ్మంలో ఆగి గాలి పీల్చి చూసింది.

"ఇవాళ మనుషులుండే ఇల్లులా ఉందే" అంది. "ఏం, కాపురం మార్చాడా మీ డీకన్?"

నాకు నవ్వు రాలేదు. "కూర్చో" అన్నాను.

"ఏంటే మొహం అలా పెట్టావ్? సరదాకన్నాలే. కాస్త బొచ్చు వాసన, కాస్త వెనిగర్, అంతకంటే ఏముంది నీ ఇంట్లో. నేననే మాటలకి నువ్వు బాధపడేదానివైతే ఎప్పుడో చచ్చేదానివి. జనవరిలో ఒక్కరోజు మాత్రం నిజంగా నావల్ల కాలేదు."

"ఎప్పుడూ అనేదేగా నువ్వు."

"ఎప్పుడూ అనేది వేళాకోళం ఆర్డిత్. ఆరోజన్నది నిజం. రబ్బరు కాల్చి, కుళ్ళిన వెల్లుల్లిలో ముంచినట్టు... ఇంటికెళ్ళి కోటు బయట పారేశాను, ఇప్పటికీ వేసుకోలేదు. మీ వరండా దగ్గరే చిమ్మింది అది."

"డీకన్‌కి తిత్తుల్లేవే."

"అది నాకు తెలీదా? అందుకే అడవిదేదో వచ్చిపోయిందనుకున్నా. నీకు తెలిసే ఉంటుందిలే అనుకున్నా. ఈ కౌంటీలో స్కంక్‌ల సంగతి నీకు తెలియక ఇంకెవరికి తెలుసు?"

గుడ్ల బుట్ట బల్ల మీద పెట్టాను. ఎండ కాసిన ఆ నాలుగు రోజులూ డీకన్ ఎక్కడున్నాడో నాకు గుర్తొచ్చింది. దక్షిణం గోడకు ఆనించి తీగలతో కట్టిన చిన్న దొడ్డి ఉంది, వరండాలోంచి దారి. మధ్యాహ్నాలు ఎండకు అందులో వదిలేదాన్ని. జలుబుతో నేను లోపల పడుకున్నాను. ఆ వారమే వాడి మెడ మీద చెక్కు కట్టిన గాటు కనిపిస్తే, తీగ గీసుకుందని వెన్నలాంటి మందు వేలితో రాశాను. రోడ్డు మీద ఏదో బండి కింద స్కంక్ పడిందేమో అని ఒకసారి అనుకున్నాను కూడా. ఆ రోజుల్లో మగవి తిరుగుతాయి, బండ్ల కింద పడతాయి, అందరికీ తెలిసిన వాసనే. అంతటితో మర్చిపోయాను.

"నాతో రా" అన్నాను ఐడెల్లాతో.

ఆ దొడ్డిలో వాడు పడుకున్న కంబళి ముక్క, మళ్ళీ మంచు పడ్డాక తీసి కట్టెల కొట్టంలో పడేశాను, ఉతకలేదు. ఎండిన స్కంక్ వాసన తడి తగిలితే మళ్ళీ లేస్తుంది. స్కంక్ చిమ్మిన కుక్కల్ని వాన పడిన రోజు కడిగినవాళ్ళందరికీ ఇది తెలుసు. తొట్టిలో కంబళి వేసి, కెటిల్‌లో కాగుతున్న నీళ్ళు పోశాను. ఆవిరి లేచింది. వంగి పీల్చాను. ఉన్ని, ఎండుగడ్డి, ఎక్కడో లోపల ఇంకేదో. అది నిజమో నా భయమో తెలియలేదు.

"నాకేం అర్థం కావట్లేదు. నువ్వు చూడు."

ఐడెల్లా వంగింది. వంగినంత వేగంగా వెనక్కి లేచి, కట్టెల వరుసకు తగిలి నిలబడింది. కళ్ళలోంచి నీళ్ళు కారుతున్నాయి. ఆవిడ నోటినుంచి వేళాకోళం వస్తుందేమోనని ఎదురుచూశాను. ఎంత ఆశగా ఎదురుచూశానో చెప్పలేను. ఆవిడ ముక్కు మూసుకోలేదు. వచ్చి నా చెయ్యి పట్టుకుంది.

"ఏమైందే? ఏం చేశావ్?"

ఇద్దరం దొడ్డి చుట్టూ తిరిగాం. గోడ మూల, చలికాలమంతా మంచు కుప్పపడి ఉన్న చోట, తీగ అడుగు పైకి వంగి ఉంది. కింద మట్టి తవ్వి ఉంది, బయటినుంచి లోపలికి. తీగ కొసలకు తెల్లని ముతక వెంట్రుకలు. డీకన్ బొచ్చు పట్టులా ఉండేది.

ఫ్యాక్టరీ ఆఫీసుకు ఫోన్ చేసి మా అమ్మాయిని పిలవమన్నాను. ఆమె వచ్చేదాకా ఫోన్‌లో గాజు మీద గాజు తగిలే చప్పుళ్ళు వింటూ నిలబడ్డాను.

"అమ్మా? నాన్నకేమైనా అయిందా?"

"నాన్న బాగున్నాడు. లోర్నా, డార్సీని కరిచింది పుంజు కాదు."

ఆగకుండా చెప్పేశాను.

"డీకన్. వాణ్ణి జనవరిలో అడవి స్కంక్ కరిచింది. నాకు ఇవాళే తెలిసింది. పిల్లని ఇప్పుడే ఆసుపత్రికి తీసుకెళ్ళు. పిచ్చి రోగం సూదులు ఇవాళే మొదలుపెట్టాలి."

"శుక్రవారం కరిచాడు" అంది, లెక్క వేసుకుంటున్నట్టు. "ఇవాళ మంగళవారం."

"అవును."

"నిన్న ఫోన్‌లో, నీళ్ళు తాగుతోందా అని అడిగావు."

"అవునమ్మా."

"తెలిసే అడిగావు. నా పిల్ల చేత నాకు అబద్ధం చెప్పించావు" అంది. ఫోన్ పెట్టిన చప్పుడు కూడా మెల్లగానే వచ్చింది.

రూక్ డాక్టరు గారు గంటలో వచ్చారు. మోచేతుల దాకా తోలు చేతొడుగులు వేసుకున్నారు. పెట్టెలో డీకన్ లేచి నిలబడబోయి, వెనక కాళ్ళు ఒకదానికొకటి అడ్డం తగిలి పక్కకు ఒరిగాడు. పొద్దున అలా లేడు. లేక పొద్దున నేను చూడలేదో.

"నేను తెచ్చిస్తాను, నాకైతే వస్తాడు" అన్నాను.

"మీరు ముట్టుకోవద్దు. దూరంగా నిలబడండి. చేతులు చూపించండి." చూపించాను. వేళ్ళ కీళ్ళ దగ్గరంతా పగుళ్ళు. "ఈ చేతులు నాకేవాడా?"

"రోజూ."

"మీక్కూడా సూదులు పడతాయి."

"నా సంగతి వదిలెయ్యండి డాక్టరు గారూ, పిల్ల సంగతి చెప్పండి."

"పిల్ల సంగతి నాకు తెలీదు. నేను పశువుల డాక్టర్ని" అన్నారాయన. నన్ను తిట్టి ఉంటే తేలిగ్గా ఉండేది.

ఆయన పెట్టె ఎత్తగానే డీకన్ ముందు కాళ్ళతో అడుగు చెక్క మీద టపటపా కొట్టడం మొదలుపెట్టాడు. చిమ్మబోయే ముందు స్కంక్‌లన్నీ అలాగే కొడతాయి, దగ్గరికి రావొద్దని చెప్పడం అది. తర్వాత వెనక్కి తిరిగి తోక ఎత్తాడు. వాడి దగ్గర చిమ్మడానికి ఏమీ లేదు. జనవరిలో ఆ తీగ కిందనుంచి అడవిది దూరి వచ్చినప్పుడూ ఇలాగే కాళ్ళు కొట్టి, ఇలాగే తోక ఎత్తి నిలబడి ఉంటాడు. ఇంట్లో వాసన రాకుండా నేను తీయించిందే వాడికి ఉన్న ఒకే ఒక్క ఆయుధం.

హార్లన్ ట్రక్కు దాకా వెళ్ళాడు. నేను బట్టల గదిలోనే ఉండిపోయాను.

బుధవారం సాయంత్రానికి కబురొచ్చింది. వాడి మెదడులో జబ్బు ఉంది.

సూదులు ఇరవై మూడు. పొట్టలో, ఒకరోజు కుడివైపు, ఒకరోజు ఎడమవైపు. మొదటివి మంగళవారమే పడ్డాయి. డార్సీకి ఒక బల్ల, నాకు పక్కనే ఇంకో బల్ల. మొదటి వారం అది ఏడ్చింది. రెండో వారం ఏడవడం మానేసి పైకప్పును చూస్తూ పడుకునేది. అది ఇంకా కష్టంగా ఉండేది చూడ్డానికి. పొట్ట మీద ఎర్రగా గడ్డలు కట్టి, కొత్త సూదికి చోటు వెతకాల్సొచ్చేది. నర్సు వేలితో నొక్కి చూస్తుంటే అది నా వైపు తల తిప్పి, "నీది ఇవాళ ఎటువైపు?" అని అడిగేది. తన తల్లి వినకుండా అడిగేది.

అక్కడి డాక్టరు కుర్రాడు. మాట కోసం తడుముకునేవాడు. "నాలుగు రోజులు ఆలస్యమైంది. కాటు చేతి మీద పడింది, మొహం మీద కాదు, అది నయం. మామూలుగా అయితే సరిపోతుంది."

"మామూలుగా" అన్నాను నేను.

"ఏడాది గడిస్తే ధైర్యంగా చెప్పగలం."

లోర్నా నాతో పన్నెండు రోజులు మాట్లాడలేదు. పిల్లను తెచ్చేది, పక్కన నిలబడేది, తీసుకెళ్ళిపోయేది. పదమూడో రోజు నడవాలో నా పక్కన కూర్చుంది. కళ్ళ కింద నల్లగా అయిపోయింది. చేతిలో పిల్ల కోటు.

"ఒక్కటడుగుతా. నిజం చెప్పు."

"అడుగు."

"ఆ రోజు ఐడెల్లా ఆంటీ ఆ మాట అనకపోయి ఉంటే, నాకు చెప్పేదానివా?"

పన్నెండు రోజులుగా ఈ ప్రశ్నకే జవాబు వెతుక్కున్నాను. చెప్పేదాన్నే, సాయంత్రానికల్లా చెప్పేదాన్ని, డీకన్ కాళ్ళు తడబడడం చూసి చెప్పేదాన్ని. ఒక్కో రాత్రి ఒక్కోటి నమ్మాను. నడవాలో కూర్చుని దాని మొహం చూస్తే ఏదీ నమ్మబుద్ధి కాలేదు.

"తెలీదు లోర్నా" అన్నాను.

అది తలూపింది. కోటు మడిచి, విప్పి, మళ్ళీ మడిచింది. తర్వాత లేచి పిల్ల దగ్గరికి వెళ్ళింది.

ఆ ఏడాది ప్రతి రెండో ఆదివారం పిల్లను మా ఇంటికి తెచ్చేది. మానెయ్యలేదు, అందుకు నేను బతికున్నంత కాలం దానికి రుణపడి ఉంటాను. కానీ పిల్ల ఏ గదిలో ఉంటే ఆ గదిలోనే కూర్చునేది. డార్సీ బాత్రూముకు వెళ్తే తలుపు బయట నిలబడేది. పిల్లకు తుమ్మొస్తే మేమిద్దరం ఒకేసారి తలెత్తి చూసేవాళ్ళం, ఒకరి కళ్ళు ఒకరికి తగిలితే దించుకునేవాళ్ళం. జూన్‌లో జ్వరమొచ్చింది, మూడు రోజులు. ఆ మూడు రోజులూ నేను నిలబడే ఉన్నాననుకుంటాను, కూర్చున్నట్టు గుర్తులేదు. తట్టు అని తేలింది. తట్టు వచ్చిందని దేవుడికి దండం పెట్టుకున్నాను.

దానిలాగే సూదులు పొడిపించుకున్నదాన్నే నేనూ. నా గురించి ఒక్కరోజు కూడా భయపడలేదు. భయమంతా ఒక్కచోటికే పోయింది.

మరుసటేడు మార్చి దాటింది. ఏప్రిల్ మొదటి ఆదివారం భోజనాలయ్యాక లోర్నా లేచింది. సంచి కారులో మర్చిపోయానంది. వంటింట్లో డార్సీ బల్ల దగ్గర రంగు పెన్సిళ్ళతో ఏదో గీస్తోంది, నేను ఎదురుగా కూర్చున్నాను. లోర్నా గుమ్మం దగ్గర ఆగింది. పిల్లను చూసింది, నన్ను చూసింది. ఏడాదిలో మొదటిసారి పిల్లను నా దగ్గర వదిలి బయటికి నడిచింది. తలుపు మాత్రం బార్లా తెరిచి ఉంచింది.

డార్సీ గీయడం ఆపలేదు. దాని చేతి మీద నాలుగు తెల్లటి చుక్కలు పెన్సిలుతో పాటు కదులుతున్నాయి. దాని జుట్టు మొహం మీద పడుతోంది, వెనక్కి తోయాలని చేతులు లాగాయి. తోయలేదు. రెండు చేతులూ బల్ల మీద, కారు దగ్గర నిలబడి చూసినా కనిపించేలా పరిచి, మా అమ్మాయి తిరిగి వచ్చేదాకా కదలకుండా కూర్చున్నాను.